ఇందుమతి ఎవరి కింద?

మొగుడి శవాన్ని లిఫ్టు ముందు దింపుకుని, తన ఇంటి తలుపుని తనే బతిమాలాల్సి వచ్చింది ఇందుమతికి.

మణికట్టుకున్న పూసని తాళానికి ఆనించి, "ఇందుమతి" అని చెప్పింది. తలుపు ఉలకలేదు, పలకలేదు. గొంతు పెంచి మళ్ళీ చెప్పింది. "ఈ పేరుతో ఎవరూ లేరు" అంది తలుపు, పెళ్ళి పిలుపు పిలుస్తున్నంత తియ్యగా.

పొద్దున పోర్టుకి డ్యూటీకని బయల్దేరిన దివాకరం బస్టాపులో కుప్పకూలిపోయాడు. ఆసుపత్రి వాళ్ళు చూసి పెదవి విరిచారు. మధ్యాహ్నానికి ఆయన్ని గాజువాకలో ఈ మూడో అంతస్తు ఫ్లాటుకి తీసుకొస్తే ఇదీ వరస. మోసుకొచ్చినవాళ్ళు చెమటలు తుడుచుకుంటూ ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. ఎదురింటావిడ తలుపు ఓరగా తీసి చూసి, మైల తన గుమ్మానికి అంటుకుంటుందేమోనని టక్కున వేసేసుకుంది. చివరికి దివాకరం తమ్ముడు గంగాధరం కింద వాచ్‌మన్ దగ్గర గునపం తెచ్చి తాళం పగలగొట్టాడు. సొంత ఇంట్లోకి దొంగలా అడుగుపెట్టింది ఇందుమతి.

ఆ చప్పుడుకి ఆమె చెల్లెలు వకుళకి అరికాలి మంట నెత్తికెక్కింది. ఎక్కదూ మరి! ఎవరు ఉన్నారో ఎవరు లేరో చెప్పే ఆ విద్య తలుపులకి నేర్పింది తనే.

వకుళ పనిచేసేది రుషికొండ అవతల కొండమీదున్న పేర్ల కేంద్రంలో. చిన్న ఉద్యోగంలో ఉన్న రోజుల్లో వెబ్‌సైట్లకి డొమైన్ రికార్డులు రాసేది. మనం ఒక సైటు పేరు కొడతాం, అది ఏ ఊళ్ళో ఏ యంత్రంలో ఉందో మనకి తెలీదు. పేరు అడిగితే చోటు చెప్పే సర్వర్లు వేరే ఉంటాయి. చోటు చెప్పే రికార్డొకటి, ఉత్తరాలు ఎక్కడికి పోవాలో చెప్పే రికార్డొకటి, ఒక పేరుని ఇంకో పేరుకి తగిలించే రికార్డొకటి. ఇదే మనుషులకి పెడితే ఎలా ఉంటుందని ఒకరోజు ఆమెకి బుర్రలో తట్టింది. అలా పుట్టింది పూస. మణికట్టుకి గురివిందగింజంత పూస కట్టుకుని పేరు నమోదు చేయించుకుంటే చాలు. పేరు పిలిస్తే పిలుపు ఆ మనిషి దగ్గరికే వెళ్ళేది. తిరునాళ్ళలో తప్పిపోయిన పిల్లలు నిమిషాల్లో దొరికారు. మందులు, డబ్బులు, బండి తాళాలు అన్నీ పేరు మీదే నడిచాయి. జనం వకుళని నెత్తిన పెట్టుకున్నారు.

అందులో ఆమెకి అన్నిటికంటే ముద్దైనది మారుపేరు రికార్డు. మనవాళ్ళ సంగతి తెలిసిందేగా! సర్టిఫికెట్లో గజం పొడుగు పేరుంటుంది, ఇంట్లో మాత్రం పండు. శుభలేఖ చూసి ఈ పెళ్ళికొడుకెవడ్రా అని అడిగిన మేనమామలున్న జాతి మనది. పండూ అని పిలిచినా పిలుపు ఆ గజం పేరు దగ్గరికే చేరాలని వకుళ ఈ రికార్డు పెట్టింది. మారుపేరుకి సొంతంగా ఏమీ ఉండదు. అసలు పేరు ఎక్కడుంటే అదీ అక్కడే, అసలుకి ఏం వస్తే దానికీ అదే. అసలు పోతే అదీ పోతుంది. ఒకే మనిషికున్న రెండు పేర్లకి అంతకంటే ఏం కావాలి?

మగవాళ్ళు శ్మశానం నుంచి తిరిగొచ్చి, స్నానాలు చేసి, వరండాలో చతికిలబడ్డారు. లోపల గదిలో వకుళ ల్యాప్‌టాప్ తెరిచి అక్క పేరు కొట్టింది. తెర మీద రెండే ముక్కలు వచ్చాయి. ఇందుమతి అన్నది మారుపేరు, దాని అసలు దివాకరం. దివాకరం పేరు, మరణం కారణంగా తొలగించడమైనది.

ఆమెకి ఒక్క క్షణం ఏమీ అర్థం కాలేదు. అర్థమయ్యాక అక్క వైపు తిరిగింది.

"అక్కా, నీ పేరు ఎవరే రాసింది?"

మంచం అంచున కూర్చున్న ఇందుమతి చెల్లెలి వైపు వెర్రిచూపు చూసింది. "ఎవరు రాయడమేంటే? వార్డు వాళ్ళు క్యాంపు పెట్టారు కదా, కమ్యూనిటీ హాల్లో. ఎర్రటి ఎండ. ఇంతింత క్యూలు. మీ బావ వెళ్ళారు. 'మా ఆవిడ క్లాసులో ఉంది, సాయంత్రం తీసుకొస్తాను' అన్నార్ట. 'ఎందుకండీ ఎండలో ఆవిణ్ణి తిప్పడం, మీ కింద రాసేస్తాం, రెండూ ఒకటేగా' అన్నార్ట వాళ్ళు. 'నీకు శ్రమ తప్పించానోయ్' అని మీ బావ మురిసిపోతూ వచ్చారు."

మనిషిని అసలు పేరుతో రాయాలంటే ఆ మనిషి రావాలి, గొంతు ఇవ్వాలి, వేలు ఇవ్వాలి, ఒక్కొక్కరికి అరగంట. మారుపేరైతే కళ్ళు మూసి తెరిచేలోపు అయిపోతుంది. సాయంత్రానికి ఇన్ని పేర్లని పైనుంచి ఒత్తిడి. ఇంకేముంది, ఊళ్ళోని ఆడవాళ్ళందర్నీ మొగుళ్ళ ముద్దుపేర్లు చేసి పారేశారు. వకుళ పెళ్ళి చేసుకోలేదు కాబట్టి బతికిపోయింది!

"నా కారు కూడా కదలట్లేదే బుల్లీ," అంది ఇందుమతి. గాజువాకలో సగంమంది ఆడవాళ్ళకి డ్రైవింగు నేర్పింది ఆవిడే. "పొద్దున క్లాసుకి పిల్లలొస్తారు, రావద్దని చెబుదామంటే ఫోను ఎవరికీ పోవట్లేదు. మొగుడు పోయాడని నలుగురికి చెప్పుకునే దిక్కు లేదు నాకు."

వకుళ అసలు భయం కారు గురించి కాదు. అక్క జాకెట్టు మెడ పక్కకి లాగి చూసింది. ఎడమ రొమ్ము పైన, చర్మం కింద అమర్చిన మందు పంపు లైటు పచ్చగా వెలగాల్సింది, పసుపు రంగులో మిణుకుమంటోంది. ఇందుమతి గుండె నీరసపు గుండె. ఆ పంపు చుక్క చుక్క మందు వదిలితేనే అది సరిగ్గా కొట్టుకుంటుంది. పంపు రోజుకోసారి పేరు చెప్పి ఆసుపత్రిని అనుమతి అడుగుతుంది, వచ్చిన జవాబుని ఒక రోజు గుర్తుపెట్టుకుంటుంది. ఆ తర్వాత మళ్ళీ అడగాలి. జవాబు రాకపోతే, మందు పరాయి మనిషికి పోకుండా, ఆగిపోతుంది. తలుపుకి జ్ఞాపకం తక్కువ, అందుకే ముందు అది మర్చిపోయింది. కారు సాయంత్రానికి మర్చిపోయింది. పంపు రేపు మధ్యాహ్నానికి మర్చిపోతుంది.

"ఏంటే అలా చూస్తున్నావు?" అంది ఇందుమతి.

"ఏం లేదు. పొద్దున్నే ఆసుపత్రికి పోదాం, నేను కేంద్రానికెళ్ళి సరిచేయించుకొస్తాను."

వరండాలోంచి గంగాధరం గొంతు వినిపించింది. "మైలలో ఆడమనిషి ఇల్లు కదలడమేంటండీ? పదకొండో రోజు కానివ్వండి."

"పదకొండో రోజుకి రెండు తద్దినాలు పెట్టుకుంటారా గంగాధరంగారూ?" అని వకుళ లోపలినుంచే అరిచింది.

మర్నాడు ఆసుపత్రిలో డ్యూటీ డాక్టరు పంపుని అటు తిప్పి ఇటు తిప్పి చూసి చేతులెత్తేశాడు. పేరు లేకుండా అది తెరుచుకోదు. కోసి తీయడానికి ఈ గుండె తట్టుకోదు. "సెలైన్‌లో కొంత మందెక్కించి కాసేపు లాగుతానండీ. సాయంత్రం దాకా అంటే మాత్రం నన్ను అడక్కండి," అన్నాడు. కేస్‌షీటు మీద రోగి పేరు కొడితే యంత్రం తీసుకోలేదు. నర్సు పెన్నుతో 'లేట్ దివాకరం భార్య' అని రాసి మంచానికి తగిలించింది. వకుళ ఆ కాగితం చింపి, వెనక్కి తిప్పి, పెద్ద అక్షరాలతో ఇందుమతి అని రాసి తగిలించి బయటపడింది.

కేంద్రం డైరెక్టరు పరాంకుశంగారు మర్యాదస్తుడు. ఎప్పుడూ గొంతు పెంచడు. ఎదుటివాడి తల తీసేటప్పుడు కూడా ముందు కాఫీ ఇప్పిస్తాడు. వకుళ చెప్పిందంతా కళ్ళు సగం మూసుకుని విన్నాడు.

"కొత్తగా అసలు రికార్డు పుట్టించాలంటే కమిటీ కూర్చోవాలి కదమ్మా. సోమవారం పెట్టిస్తాను."

"ఈ మధ్యాహ్నం దాటితే మా అక్క ఉండదండీ."

"అయ్యో, ఉండకపోవడమేంటి! మారుపేరుని ఇంకో అసలుకి తగిలించడం మీ చేతిలో పనే కదా. ఆవిడకి మరిది ఉన్నాడన్నారు. ఆయన ఒప్పుకుంటే పంపు రికార్డు ఆయన పేరు మీదకి మారుతుంది, మందు ఆగదు. నిమిషం పని."

నిజమే, నిమిషం పని. ఈ కోపంలో తనకి తట్టలేదంతే. వకుళ గంగాధరానికి ఫోను చేసింది. ఆయన అడిగిందే తడవుగా ఒప్పుకున్నాడు. "దాందేముందండీ, మా వదినకి నేను కాకపోతే ఎవరు? పెట్టించేయండి. కాకపోతే ఒక్కమాట. ఆవిడ మెసేజీలూ అవీ ఇక నాకే కదా వచ్చేది, బండి తాళం కూడా నేనివ్వాల్సిందే కదా. ఆ డ్రైవింగు స్కూలు మానేసి మా ఇంట్లో పడుంటే సరిపోతుంది. నా పేరు మీదున్న మనిషి రోడ్ల మీద తిరుగుతుంటే నలుగురూ నన్నే కదండీ అడుగుతారు!"

వకుళ పళ్ళు కొరుక్కుంది. కానీ ప్రాణం కంటే ఎక్కువా? ఆసుపత్రికి ఫోను చేసి నర్సు చేత అక్కకి ఇప్పించింది. సంగతి చెప్పింది.

ఇందుమతి ఆయాసపడుతూనే అందుకుంది.

"ఏమే, నేనేమన్నా గొడ్డునా, ఒక గుంజ విరిగితే ఇంకో గుంజకి కట్టడానికి?"

"అక్కా, ముందు బతకవే. తర్వాత మారుద్దాం."

"ఎప్పుడే మార్చేది? రేపు వాడు పోతే ఎవడి కింద రాస్తావు నన్ను? వాడి కొడుకు కిందా? మీ బావ కింద ఉన్నానని నాకు తెలీదు, తెలిస్తే ఆయన్నీ వదిలేదాన్ని కాదు. తెలిసి తెలిసి మాత్రం ఎవడి కిందా ఉండను. నీ కింద రాస్తానన్నా ఊరుకోను. నాకో పేరుందే బుల్లీ. అమ్మ పెట్టింది. దాంతో బతకనిస్తే బతుకుతా, లేకపోతే మానేస్తా."

"నీ మొండితనం తగలెయ్య!" అని వకుళ ఏడ్చేసింది. ఇందుమతి ఫోను నర్సుకి ఇచ్చేసింది.

వకుళ తన కుర్చీలో కూర్చుని గంగాధరం పేరు కొట్టింది. అక్క ఒప్పుకోకపోతే ఏం, బతికాక తిట్టుకుంటుంది. వేలు మీట మీద పెట్టింది. నొక్కడమే మిగిలింది.

అప్పుడే పరాంకుశంగారు ఆమె వెనక వచ్చి నిలబడ్డాడు. ఓదార్పుగా అన్నాడు. "మంచి పని చేస్తున్నారు. ఇలాంటివి గుట్టుగా సర్దుకుపోతేనే కేంద్రానికీ మనకీ మర్యాద. మొన్న కోనసీమ కేసులో కూడా ఇలా ఎవరైనా ముందే వచ్చి చెప్పుంటే, పాపం, ఆవిడ దక్కేది."

వకుళ వేలు మీట మీదనుంచి లేచింది. "ఏ కోనసీమ కేసు?"

ఆయన నాలిక కరుచుకున్నాడు. కానీ మాట దాటిపోయింది. "అదే... ఒకావిడకి ఇలాగే పంపు ఆగిపోయింది. మొగుడు పోయిన మర్నాడే. పరికరంలో లోపమని రిపోర్టు రాశారు. మనదాకా రాలేదు."

"మీకు తెలుసు."

"తెలిసి ఏం చేస్తామమ్మా? లక్షల పేర్లు ఇలాగే ఉన్నాయి. బయటపెడితే కేంద్రం మూసుకోవాల్సిందే."

"ఆవిడ పేరేంటి?"

"పేరా..." పరాంకుశంగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "రిపోర్టులో 'లేట్ ఆదినారాయణ భార్య' అనే ఉంది."

చచ్చాక కూడా పేరు లేదు ఆవిడకి! ఆ మొగుడు లేడని పేరు తీసేశారు, పేరు లేదని మందు ఆపేశారు, మందు లేక చచ్చిపోతే మళ్ళీ ఆ లేని మొగుడి పేరుతోనే రిపోర్టు రాశారు. పండూ, చంటీ అని పిలుచుకునే మనుషుల కోసం తాను ముచ్చటపడి కట్టిన గూడులో వీళ్ళు ఇంతమంది ఆడవాళ్ళని కుక్కి తలుపేశారు. వాళ్ళలో ఒకావిడ ఊపిరాడక పోతే, కాఫీ తాగి కళ్ళజోడు తుడుచుకుంటున్నారు.

ఆమె గంగాధరం పేరు చెరిపేసింది.

వకుళ చూసే మారుపేరు విభాగానికి ఇంకో హక్కు కూడా ఉంది. తిరగేయడం. సర్టిఫికెట్లో పేరు మింగుడుపడక ముద్దుపేరునే అసలు చెయ్యమని అడిగేవాళ్ళు బోలెడంతమంది. చంటి అసలవుతాడు, గజం పేరు వాడి కింద మారుపేరవుతుంది. ఎవరూ తప్పిపోరు, ఎవరి మందూ ఆగదు, పెత్తనం మాత్రం అటునుంచి ఇటు వస్తుంది. అందుకే దానికి కమిటీ అక్కర్లేదు. పక్కపక్కనున్న రెండు పేర్లలో ఏది మనిషిదో, ఏది ముద్దుదో, ఎవరు బతికున్నారో, ఎవరు లేరో తిరగేసే కోడ్ అడగదు.

"ఏం చేస్తున్నారు?" అన్నాడు పరాంకుశంగారు.

"తిరగేస్తున్నాను."

"అది ఒకే మనిషి రెండు పేర్లకి పెట్టింది. మొగుడూ పెళ్ళాలకి కాదు."

"ఒకటేగా అని రాసింది మీ క్యాంపుల వాళ్ళు. మీ లెక్కలో పెళ్ళామూ ముద్దుపేరూ ఒకటైనప్పుడు నా లెక్కలోనూ ఒకటే."

ముందు అక్క పేరు తిరగేసింది. తెర మీద అక్షరాలు ఒకసారి ఆరి వెలిగాయి. ఇందుమతి అన్నది అసలు పేరు, దివాకరం దాని మారుపేరు. నర్సుకి ఫోను చేస్తే, "మేడమ్, పచ్చ లైటు వచ్చిందండీ, మందు వదుల్తోంది!" అని అవతల కేక వినిపించింది. వకుళ రెండు చేతుల్లో మొహం దాచుకుని, ఊపిరి పీల్చి వదిలింది.

పరాంకుశంగారు కూడా ఊపిరి పీల్చుకున్నాడు. "సరే, అయిందేదో అయింది. మీ అక్కగారి మటుకు నేను చూడనట్టే ఉంటాను. ఇంతటితో ఆపండి."

"మిగతావాళ్ళకి అక్కచెల్లెళ్ళు కేంద్రంలో ఉద్యోగం చెయ్యట్లేదండీ," అంది వకుళ.

భార్య అని గుర్తుపెట్టిన మారుపేర్లన్నిటినీ ఒక్క గుంపుగా ఎంచుకుంది. శ్రీకాకుళం నుంచి చిత్తూరు దాకా. ఆయన చెయ్యి పట్టుకోబోయేలోపు మీట నొక్కింది. గదిలో ఏ చప్పుడూ కాలేదు. ఒక్క పరాంకుశంగారి మణికట్టు మీద పూస మాత్రం రెండుసార్లు అదిరింది.

ఆయన తన బల్ల దగ్గరికి పరుగున వెళ్ళాడు. ఆ మనిషి పరిగెత్తడం కేంద్రంలో ఎవరూ చూసి ఎరగరు. రద్దు చేయమని గొంతు ఇచ్చాడు. తియ్యటి ఆడగొంతు జవాబు చెప్పింది. "పరాంకుశంగారి పేరు సువర్చలగారి కింద ఉంది. ఆవిడ అనుమతి కావాలి. అడగమంటారా?"

అడగక చస్తాడా! రెండు రింగులకి ఆయన భార్య సువర్చల పలికింది. వెనక కుక్కర్ కూత వినిపిస్తోంది.

"ఏవండీ, ఇదేదో మీ పేరు మీద నన్ను అనుమతి అడుగుతోందేంటి?"

"ఏం లేదోయ్. ఊఁ అను చాలు. తర్వాత చెప్తాను."

"దేనికి ఊఁ అనాలి?"

"చెప్తాగా! ముందు అను."

వకుళ లేచి బల్ల దగ్గరికొచ్చింది. "సువర్చలగారూ, నేను వకుళనండీ, ఇక్కడే పనిచేస్తాను. మీరూ మా అక్కా, పెళ్ళైన ఆడవాళ్ళంతా పేర్లున్నవాళ్ళమనుకుంటున్నారు. కాదు. మీరు ఇందాకటిదాకా మీ ఆయన ముద్దుపేరు. కోనసీమలో ఒకావిడ మొగుడు పోతే ఆవిడ పేరూ తీసేశారు. గుండె మందు ఆగిపోయి చచ్చిపోయింది. ఆయనకి తెలుసు. మీరిప్పుడు ఊఁ అంటే అంతా మళ్ళీ అలాగే అవుతుంది."

"ఆవిడ మాటలు పట్టించుకోకు," అన్నాడు పరాంకుశంగారు. గొంతు పెరిగింది.

కుక్కర్ ఆగిపోయింది. స్టవ్వు కట్టేసినట్టుంది.

"ఆవిడ పేరేంటండీ?" అని అడిగింది సువర్చల.

"ఎవరి పేరు?"

"కోనసీమలో పోయినావిడ పేరు."

పరాంకుశంగారు బల్ల మీది కాగితాలు అటూ ఇటూ కదిపాడు. ఆయన దగ్గర ఆ పేరు లేదని ఫోనులో ఉన్నావిడతో సహా ముగ్గురికీ తెలుసు.

"కనుక్కోండి," అంది సువర్చల. "కనుక్కుని నాకు చెప్పండి. ఊఁ అనాలో వద్దో అప్పుడు చూస్తాను." ఫోను పెట్టేసింది.

కిందనుంచి సెక్యూరిటీ వాళ్ళ బూట్ల చప్పుడు మెట్ల మీద వినిపించింది. వకుళ పూస విప్పి బల్ల మీద పెట్టింది. వాళ్ళు పట్టుకుంటారా, పట్టుకోనీ. కమిటీ సోమవారం దాకా ఆగదని మాత్రం ఆమెకి తెలుసు. ఆ కమిటీలో ఉన్న పెద్దమనుషులందరికీ ఈపాటికి ఇంటినుంచి ఫోన్లు వస్తూ ఉంటాయి.

పోలీసులు ఆమెని ఆసుపత్రి మీదుగా తీసుకెళ్ళారు. అయిదు నిమిషాలు చూసి రావడానికి ఎస్సైగారు ఒప్పుకున్నారు. మధ్యాహ్నం నుంచి ఆయన జీపు తాళం కూడా ఆయన భార్య చేతిలోనే ఉంది మరి.

ఇందుమతి దిండుకి ఆనుకుని కూర్చుంది. మెడ కింద పచ్చ లైటు నిలకడగా వెలుగుతోంది. పూసని చెవి దగ్గర పెట్టుకుని వింటోంది. చెల్లెల్ని చూసి, వినమని దగ్గరికి పిలిచింది.

"ఇందుమతిగారూ, మీ కింద దివాకరం అనే మారుపేరు ఉంది. ఈ మనిషి మరణించినట్టు సమాచారం. తొలగించమంటారా?" అంది తియ్యటి గొంతు.

వకుళకి అక్క మొహంలోకి చూసే ధైర్యం లేకపోయింది. శవం గుమ్మంలో ఉన్నప్పటి నుంచి ఆమె తలుపులతో, తాళాలతో, నర్సులతో, తనతో దెబ్బలాడుతూనే ఉంది. మొగుడు పోయాడని ఏడవడానికి కూడా ఆమెకి తీరిక ఇవ్వలేదు ఈ దిక్కుమాలిన పూసలు.

"తొలగించమంటారా?" అని మళ్ళీ అడిగింది గొంతు.

"వద్దు," అంది ఇందుమతి. "ఎండలో నన్ను తిప్పకూడదనుకున్న మనిషి. ఉండనీ నా కిందే."

అప్పుడు చెల్లెలి భుజం మీద తల పెట్టి, వార్డంతా తిరిగి చూసేలా, బావురుమని ఏడ్చింది.